నా సంతకంతో హోంలో ఉండిపోయిన పిల్ల

మా ఊరు బోగోలు నుంచి సముద్రం వైపు పోయే రోడ్డులో ఉంది. ఊరికి ముందు వరి, వెనక రొయ్యల గుంటలు. ఆ గుంటలకు అవతల రొయ్యల షెడ్డు వచ్చాక, తలలు వలిచే పనికి ఎక్కడెక్కడి ఆడవాళ్ళో రావడం మొదలైంది. మా ఆయన పోయిన తరవాత పశువుల కొట్టాన్ని మూడు గదులుగా అడ్డగోడలు పెట్టించి వాళ్ళకు అద్దెకిచ్చాను. గోడలు పాతవే. పైన రేకులు మాత్రం కొత్తవి వేయించాను.

నేను తియ్యగా మాట్లాడే మనిషిని కాదు. మోటారు పొద్దున ఒక్కసారే వేస్తాను, పట్టుకున్నవాళ్ళకు పట్టుకున్నన్ని నీళ్ళు. పగలు గదిలో లైటు వెలిగితే వాకిట్లోంచే కేకేస్తాను. ఎవరికైనా మగచుట్టం వస్తే వేపచెట్టు కింద మంచం వేస్తాను తప్ప గడప దాటనివ్వను. షెడ్డులో నన్ను కలెక్టరమ్మ అంటారని విన్నాను. అననీ. ఆ మాట విన్నాక కూడా మోటారు ఒక్కసారే వేశాను.

మధ్య గదిలో ఉండే ఆమెకు ముప్పై ఐదేళ్ళుంటాయి. మొగుడు వదిలేసి పోయాడు, పిల్లల్లేరు. రోజంతా ఐసులో నానడం వల్ల వేళ్ళ చివర్లు తెల్లగా ఉబ్బి, రొయ్య ముల్లు గుచ్చుకున్న చోటల్లా పసుపు పూసుకుని ఉండేది. నేను చెప్పకుండానే వాకిలి చిమ్మేది. చెప్పకుండానే లైటు ఆపేది. ఆమె నాకు నచ్చేది. ఆ మాట ఆమెతో ఎప్పుడూ అనలేదు.

ఆదివారం షెడ్డుకు సెలవు. ఆ రోజు మధ్యాహ్నం భోజనాలయ్యాక గదుల వాళ్ళు ముగ్గురూ, ఎదురింటామె, మా ముందు గదిలో టీవీకి చేరేవాళ్ళు. ఆ ఆదివారం సీరియల్ కోసమని పెడితే ఏదో చర్చ వస్తోంది. కింద పెద్ద అక్షరాలు. నేను చదివింది మూడో తరగతి వరకే, అయినా కూడబలుక్కుని చదవగలను. వ్యభిచారం, చట్టం అని ఉంది.

"పట్టపగలు పిలకాయలుండే ఇళ్ళల్లో ఇదేంది అక్కా, మార్చు," అన్నది ఎదురింటామె.

"నీ ఇంట్లో పిలకాయలు యాడుండారు మే? గమ్మున కూర్చో," అన్నాను.

తెర మీద నాలుగు గళ్ళు, నలుగురు మనుషులు. నల్లకోటు వేసుకున్న లాయరు ఒకాయన. పెద్ద బొట్టు పెట్టుకున్న మహిళా సంఘం ఆమె. రిటైరైన పోలీసాఫీసరు ఒకాయన, మీసాలు పెద్దవి. నాలుగో గడిలో ఒక ఆడమనిషి, ముఖం కనపడకుండా చెదరగొట్టేశారు. వీళ్ళ నడుమ అడిగేవాడు ఒకడు, ఎవరినీ పూర్తిగా మాట్లాడనివ్వడు.

"ఆ మీసాలాయన్ని చూడక్కా. అందరికంటే ఆయనే ఎక్కువ సిగ్గుపడతా ఉండాడు. ఎన్ని లాడ్జిలు తొక్కినాడో," అన్నది ఎదురింటామె. గదుల వాళ్ళు ఇద్దరు నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వారు. మధ్య గది ఆమె నవ్వలేదు. ముందుకు జరిగి కూర్చుంది.

ముఖం లేని ఆమెకు మాట్లాడే వంతు వచ్చింది. గొంతు కూడా మార్చేశారు, మగవాడి గొంతులా ఉంది. పోలీసులు పట్టుకున్నాక సర్కారు వాళ్ళ హోంలో పెట్టారనీ, తీసుకుపోవడానికి తనవాళ్ళు ఎవరూ రాలేదనీ, అందుకే అక్కడ చాలా కాలం ఉండిపోయాననీ చెప్పబోయింది. అడిగేవాడు మళ్ళీ మీ దగ్గరికి వస్తామమ్మా అని ఆపేశాడు. మళ్ళీ వచ్చినట్టు నాకు గుర్తు లేదు.

తరవాత లాయరు మాట్లాడాడు. ఆయన ఒక్కడే అరవకుండా మాట్లాడాడు కాబట్టి ఆయన మాటలు నాకు బాగా ఎక్కాయి. వయసొచ్చిన ఆడది తన ఇష్టంతో చేసేది దానంతటదే నేరం కాదన్నాడు. ఆడవాళ్ళని ఆ పనికి తార్చడం నేరమన్నాడు. ఆ కొంపలు నడపడం నేరమన్నాడు. "ఇల్లు అద్దెకిచ్చిన యజమాని కూడా జైలుకు పోవాల్సిందే. అయితే..." అని చెయ్యెత్తాడు. అప్పుడే యాడ్స్ వచ్చాయి.

యాడ్స్ వస్తే నేను టీవీ ఆపేస్తాను. రిమోట్‌తో కాదు, లేచి గోడకున్న స్విచ్చే ఆపుతాను. సబ్బులూ నగలూ చూడ్డానికి కరెంటు కాల్చడం నాకు మొదటినుంచీ ఇష్టం లేదు. కాసేపాగి మళ్ళీ వేస్తాను. టీవీ పక్కనున్న కేబుల్ డబ్బా మేలుకుని బొమ్మ తెచ్చేలోపల కొంత కార్యక్రమం పోతుంది. పోతే పోనీ అనుకునేదాన్ని.

టీవీ ఆగి ఉన్న ఆ కాసేపట్లో మధ్య గది ఆమె నన్నడిగింది. "అవ్వా, హోంలోంచి ఒకళ్ళని ఇడిపించాలంటే సొంతిల్లే ఉండాల్నా? అద్దె ఇల్లయితే ఒప్పుకోరా?"

"నన్నడుగుతావేంది? నేనేమన్నా నల్లకోటు ఏసుకోనుండానా?"

"ఇడిపించేదేంది మే? ఆ మురిక్కాలవలోంచి తీసి ఎవురన్నా ఇంట్లో పెట్టుకుంటారా?" అన్నది ఎదురింటామె.

టీవీ మళ్ళీ వేసేసరికి మీసాలాయన బల్ల గుద్ది అరుస్తున్నాడు. లాయరు గడి కనపడలేదు. కాసేపటికి కార్యక్రమం అయిపోయింది.

మూడో రోజు పొద్దున నేను వాకిట్లో బియ్యం చెరుగుతుంటే మధ్య గది ఆమె షెడ్డుకు పోయే బట్టల్లోనే వచ్చి నిలబడింది.

"అవ్వా, నీతో ఒక మాట."

"మోటారు సంగతైతే అడగొద్దు."

"మోటారు కాదు." నేల మీద కూర్చుంది. నా ఎదుట ఆమె ఎప్పుడూ అలా కూర్చోలేదు. "నాకొక చెల్లెలుండాది. నీకు చెప్పలా."

తల్లి పోయాక ఆ చెల్లెల్ని తనే పెంచానన్నది. చెల్లెలు కూడా కొన్నాళ్ళు వేరే ఊళ్ళో రొయ్యలు వలిచిందట, వేళ్ళు చీము పట్టి మానేసిందట. బట్టల షాపులో పని ఇప్పిస్తానని ఎవరో ఒకామె తీసుకుపోయిందట. మొదట్లో ఫోన్లు వచ్చేవి, తరవాత తగ్గాయి. రెండు నెలల కిందట ఒక లాడ్జిలో పోలీసులకు దొరికింది. ఇప్పుడు హోంలో ఉంది.

"తెలిసే పొయిందో, పొయినాక తెలిసిందో నేనడగలా అవ్వా. అడిగి ఏం జేస్తా? ఏడుస్తా ఉండాది, తీసకపో అంటా ఉండాది. తలుపు బయట గడేస్తారంట. నాకు అది చాలు."

"అయితే పోయి తెచ్చుకో."

"ఊరికే పంపరు. కోర్టు కాడినుంచి ఒక ఆఫీసరమ్మ వొస్తాది. నేనుండే ఇల్లు చూస్తాది. ఓనరును అడుగుతాది. ఆ పిల్ల ఈడ ఉంటే నీకేం ఇబ్బంది లేదని ఒక్క మాట చెప్పు. ఆమె రాసకపోతాది. జడ్జి పంపిచ్చేస్తాడు. మాకెవురుండారు అవ్వా, అమ్మా నాయినా ఇద్దరూ లేరు."

"ఆ పిల్లను నా ఇంటికా?"

"నీ ఇంటికి కాదు. నా కాడికి."

"నువ్వుండేది యాడ?"

నేను చేటలో బియ్యం రెండు సార్లు ఎగరేసి, "చూద్దాంలే," అన్నాను. నా నోట్లో ఆ మాటకు అర్థం ఏమిటో నా పిల్లలకు తెలుసు. ఆమెకు తెలియదు. నా కాళ్ళు పట్టుకుని, కళ్ళు తుడుచుకుని, షెడ్డుకు ఆలస్యమైందని పరిగెత్తింది.

ఆ రోజంతా నాకు లాయరు మాటే చెవుల్లో తిరిగింది. ఇల్లు అద్దెకిచ్చిన యజమాని కూడా జైలుకు పోవాల్సిందే. నల్లకోటు ఆయన, చదువుకున్న ఆయన, టీవీలో అందరి ముందూ చెప్పాడు. ఆ పిల్ల వచ్చి ఏమీ చేయకపోయినా, ఆమెను వెతుక్కుంటూ ఎవడో ఒకడు రాడా? వస్తే పోలీసులు ఎవరి వాకిట్లో ఆగుతారు? ఇల్లు నా పేరు మీదుంది. మా ఆయన కష్టం, నా కడుపు కాల్చుకున్న కష్టం అంతా ఈ నాలుగు గోడలే. ఎవరితోనైనా చెప్పుకోకుండా ఉండలేక, సాయంత్రం ఎదురింటామెతో అన్నాను.

"చూసినావా మే, మధ్య గదిదాని చెల్లెలు అట్టాంటిదంట. ఈడికి తెస్తానంటా ఉండాది."

"అమ్మో. నీ ఇంటికా? మన వీధికా?"

"అట్టాంటిది వొస్తే మన వీధిలో ఆడపిల్లలకు సంబంధాలొస్తాయా?" అన్నాను. ఆ మాట నేనే అన్నాను. ఎదురింటామె కాదు.

గురువారం ఆఫీసరమ్మ వచ్చింది. చిన్న వయసు, భుజాన సంచి, ఎండకు ముఖం కందిపోయి ఉంది. మధ్య గది ఆమె పొద్దున షెడ్డుకు పోతూ, ఆఫీసరమ్మ వస్తే కబురు పెట్టమనీ, పది నిమిషాల్లో వచ్చేస్తాననీ మరీ మరీ చెప్పి పోయింది. షెడ్డు మా ఇంటికి కేక దూరం. మూడో గది పిల్ల ఆ రోజు జ్వరంతో ఇంట్లోనే ఉంది, దాన్ని పంపినా సరిపోయేది. నేను ఎవరినీ పంపలేదు.

ఆఫీసరమ్మ గది చూసింది. మంచం, ట్రంకు పెట్టె, కడిగి బోర్లించిన గిన్నెలు. శుభ్రంగా ఉందని తనలో తనే అనుకుని రాసుకుంది. తరవాత నా దగ్గర కూర్చుంది.

"ఈ అక్క ఎట్టాంటి మనిషి పెద్దమ్మా?"

"పని చేసుకుంటాది. గొడవల్లేవు."

"వాళ్ళ చెల్లెలొచ్చి ఆమెతో ఉంటే మీకేమన్నా అభ్యంతరమా?"

"నా ఇంట్లో అట్టాంటోళ్ళకు చోటు లేదమ్మా."

ఆమె కలం ఆపింది. "అట్టాంటోళ్ళని కాదు పెద్దమ్మా. ఆ అమ్మాయి ఇరవై మూడేళ్ళ పిల్ల. ఆలోచించుకుని చెప్పండి. మీరు ఒప్పుకోకపోతే ఆమెను పంపడానికి ఇంకో ఇల్లు లేదు."

"నాకు కోర్టులు వొద్దు. చట్టం నాకు తెలుసు," అన్నాను. ఆ మాట ఎంత గట్టిగా అన్నానో ఇప్పటికీ గుర్తుంది. ఆమె నా ముఖం కేసి చూసింది, ఏ చట్టం అని అడగలేదు. అడిగి ఉంటే చెప్పేదాన్ని, ఆమె దిద్దేది. బస్సు టైమైందేమో, రాసింది నాకు చదివి వినిపించి కాగితం ముందుకు జరిపింది.

నేను వేలిముద్ర వేసే మనిషిని కాదు. ఇంటిపేరుతో సహా సంతకం పెట్టాను. నిదానంగా, గీత కిందికి పోకుండా పెట్టాను.

సాయంత్రం మధ్య గది ఆమె వచ్చి, "ఆఫీసరమ్మ రాలేదా అవ్వా?" అని అడిగింది.

"వొచ్చి పొయింది."

"అయ్యో, కబురు పెట్టలేదే! ఏమడిగింది? ఏం చెప్పినావు?"

"అడిగినదానికి చెప్పినా," అని లోపలికి పోయాను. ఆమె ఇంకా సంతోషంగానే ఉంది. ఆ శనివారం చెల్లెలి కోసమని ఒక చాప కొని తెచ్చింది.

కోర్టు రోజున తెల్లవారే బస్సెక్కి నెల్లూరు పోయింది. చీకటి పడకముందే తిరిగొచ్చింది. ఒక్కతే వచ్చింది. నేను గుమ్మంలో ఉన్నాను. నన్ను దాటి పోయి, తాళం తీసి, సంచి లోపల పెట్టి, మళ్ళీ బయటికొచ్చి నా ఎదుట నిలబడింది. నేను తిడుతుందనుకున్నాను. తిడితే నేనూ నాలుగు అనేదాన్ని.

"నీ సంతకం చూపించినారు అవ్వా. చక్కంగా ఉండాది," అన్నది. "ఒక సంవత్సరం ఆడే ఉండాలని రాసినారు."

అంతే. గదిలోకి పోయింది.

ఖాళీ చేసి పోతుందనుకున్నాను. పోలేదు. పోతే షెడ్డు దూరమవుతుంది, పైగా కోర్టు కాగితాల మీద ఈ ఇంటి చిరునామానే ఉంది. రోజూ వాకిలి చిమ్మేది, తన గది ముందు వరకే. ఆదివారాలు టీవీకి రావడం మానేసింది. మా ఇద్దరి మధ్య ఒకటే గోడ. ఆమె దగ్గితే నాకు వినపడేది, నేను గిన్నె పడేస్తే ఆమెకు వినపడేది. అలా మూడు నెలలు గడిచాయి.

నా కొడుకు కూతురు నెల్లూరులో చదువుకుంటోంది. సెలవులకు వచ్చినప్పుడు ఈ సంగతంతా దానికి చెప్పాను. గొప్పగానే చెప్పాను, ఆ రోజు టీవీ చూడకపోతే ఒక కేసు మన నెత్తి మీద పడేదని. అది ఫోను పక్కన పెట్టి విన్నది.

"ఏ ప్రోగ్రాం జేజీ? ఏ చానల్?"

నాకు గుర్తున్నది చెప్పాను. కాసేపు ఫోనులో వెతికి పట్టింది. అదే నల్లకోటు, అవే మీసాలు, అదే ముఖం లేని మనిషి. లాయరు చెయ్యెత్తాడు. "అయితే..." అన్నాడు. ఈసారి ఆయన మాట ఆగలేదు.

అయితే, ఆ వ్యాపారానికే వాడుతున్నారని తెలిసి ఇల్లిచ్చిన వాళ్ళ గురించే నేను చెబుతున్నాను అన్నాడు. ఆ పనిలోంచి బయటపడిన ఆడపిల్లకు తలదాచుకోను చోటిచ్చిన వాళ్ళను ఏ చట్టమూ ఏమీ అనదన్నాడు. జనం ఈ రెండూ ఒకటే అనుకుని భయపడతారు, అందుకే తీసుకుపోయే దిక్కు లేక ఎంతోమంది హోముల్లో మగ్గుతున్నారు అన్నాడు. తరవాత మీసాలాయన అరవడం మొదలుపెట్టాడు.

"ఇంకోసారి పెట్టు," అన్నాను.

మళ్ళీ పెట్టింది. మళ్ళీ పెట్టమన్నాను. మూడోసారి మాటలు కాకుండా ఆయన ముఖమే చూస్తూ కూర్చున్నాను. స్విచ్చి ఆపి మళ్ళీ వేసిన సందులో ఇంత మాట పోయింది.

"హోంలో ఉండే ఆ అక్కకు ఎన్నేళ్ళు జేజీ?" అని అడిగింది మనవరాలు.

"నీకంటే మూడేళ్ళు పెద్ద."

అది లేచి బయటికి పోయింది. ఆ సెలవుల్లో నాతో సరిగా మాట్లాడలేదు.

మధ్య గది ఆమె గడప దగ్గర కూర్చుని షెడ్డు గ్లౌజులు తిరగేసి కడుగుతోంది. నేను పోయి నిలబడ్డాను. డెబ్బై ఏళ్ళొచ్చాక ఒకరి దగ్గరికి పోయి ఎలా మొదలుపెట్టాలో నాకు తెలియలేదు.

"నేను తప్పు చెప్పినా మే. ఆ లాయరు చెప్పింది సగమే విన్నా."

"తప్పేముందిలే అవ్వా. చోటు లేదన్నావు. ఇల్లు నీది."

"నెల్లూరు పోదాం. నేను వొస్తా. మళ్ళీ రాసుకోమని చెప్తా."

ఆమె గ్లౌజు పిండి దండెం మీద వేసింది. "టీవీ చూసి వొద్దన్నావు. ఇప్పుడు మళ్ళీ టీవీ చూసి పోదామంటా ఉండావు. రేపు ఇంకో టీవీలో ఇంకొకడు ఇంకోటి చెప్తే?"

అయినా మరుసటి వారం బస్సులో నన్ను పక్కన కూర్చోబెట్టుకుని తీసుకుపోయింది. చెల్లెలి కోసం ఎవరి పక్కనైనా కూర్చునేదే. నెల్లూరులో ఒక చిన్న లాయరు మా దరఖాస్తు రాసిచ్చాడు. ఇంటిపన్ను రసీదు జతచేశాం. కోర్టు మళ్ళీ విచారణకు మనిషిని పంపిస్తుందన్నారు.

ఈసారి వచ్చింది మగాఫీసరు. నేను కుర్చీ వేశాను, కాఫీ ఇచ్చాను. ఆ పిల్ల ఉండొచ్చనీ, నేను పూచీ అనీ, కావాలంటే నా ముందు గదిలోనే పడుకోబెట్టుకుంటాననీ చెప్పాను. ఆయన అన్నీ రాసుకున్నాడు. తరవాత, ముందోసారి వద్దని ఇప్పుడు ఎందుకు మారారని అడిగాడు. అప్పుడు తెలియక చెప్పానన్నాను. ఆయన తలూపి, వీధిలో ఇంకో నాలుగిళ్ళు అడగాలి అని లేచాడు.

ఎదురింటామె గుమ్మంలోనే ఉంది. ఆయన అడిగాడు, ఆమె చెప్పింది. నాకు వినపడుతూనే ఉంది. అట్టాంటిది వస్తే మా వీధిలో ఆడపిల్లలకు సంబంధాలు రావు సార్ అన్నది. పక్కిల్లూ అదే. ఆ పక్కిల్లూ అదే. అందరి నోటా నా మాటే, నేను అన్న వరసలోనే.

ఆయన పోయాక నేను వీధిలోకి పోయి ఎదురింటామెను అనరాని మాటలన్నీ అన్నాను. ఆమె బెదరలేదు.

"నన్నెందుకు తిడతావక్కా? నువ్వు చెప్పిందే గదా చెప్పినా. నేనేమన్నా కల్పించినానా?"

చుట్టుపక్కల వాతావరణం అనుకూలంగా లేదని ఆయన రాశాడట. దరఖాస్తు కొట్టేశారు. కోర్టు మెట్ల మీద మా చిన్న లాయరు ఈ మాట చెబుతుంటే మధ్య గది ఆమె వింటున్నట్టే లేదు. బస్టాండులో నాకు సోడా కొనిచ్చింది. సగం తాగి సీసా తిరిగిచ్చేశాను.

ఆర్డరు వచ్చిన ఎనిమిదో నెలలో ఒకసారి మధ్య గది ఆమె చెల్లెల్ని చూడ్డానికి పోతూ, నన్నూ రమ్మన్నది. ఎందుకు రమ్మన్నదో అడగలేదు. హోం ఉన్న ఊరి పేరు చెప్పను. లోపల ఒక పొడుగాటి గది, రెండు బెంచీలు, మధ్యలో బల్ల. రిజిస్టరులో ఏమవుతారని అడిగారు. ఏమీ కానన్నాను. ఏదో ఒకటి రాయాలమ్మా అంటే, ఇంటి ఓనరు అని రాశాను.

ఆ పిల్లను తీసుకొచ్చారు. అక్క పోలికే, ఇంకా సన్నం. పేలు పడ్డాయని జుట్టు మెడ దాకా కత్తిరించారు. అక్క తెచ్చిన సున్నుండలు ఒళ్ళో పెట్టుకుని తినకుండా కూర్చుంది. లోపల ఫినాయిల్ సీసాలకు కాగితాలు అంటిస్తామని చెప్పింది. ఎవరో ఒకమ్మాయి అద్దం పగలగొట్టుకుని చెయ్యి కోసుకుందట, అప్పటినుంచీ అద్దాలు తీసేశారట. అన్నీ పక్కింటి సంగతుల్లా చెప్పింది. నేనెవరో తనకు తెలుసని నాకు అర్థమైంది. నన్ను తిట్టలేదు, నమస్కారమూ పెట్టలేదు.

వేళైందని పిలిచినప్పుడు లేచి నిలబడి, మొదటిసారి నా వైపు తిరిగింది.

"అక్క ఉండే గదికి కిటికీ ఉండాదా?"

"ఉండాది," అన్నాను. "సముద్రం గాలి కొడతాది."

పక్కనున్న అక్క నా ముఖం చూసింది. ఆ గదికి కిటికీ లేదు. పశువుల కొట్టానికి కిటికీ ఎందుకని పెట్టించలేదు. పైన గాలికి రెండిటుకల సందు మాత్రం వదిలారు.

ఇంటికొచ్చిన మూడోనాడు మేస్త్రీని పిలిచాను. మధ్య గది తూర్పు గోడ పగలగొట్టి చెక్క కిటికీ పెట్టమన్నాను. పాత గోడ కదా, కదిలిస్తే పక్క గది గోడ కూడా బీటలిస్తుందనీ, వద్దనీ అన్నాడు. పగలగొట్టమన్నాను. ఆ రెండు రోజులూ మధ్య గది ఆమె షెడ్డు నుంచి వచ్చి, సామాను మీద దుమ్ము దులుపుకుని పడుకుంది. ఊచలు వేయనా అని మేస్త్రీ అడిగితే వద్దన్నాను. తలుపుకు బయటున్న గడియ కూడా ఊడదీయించాను.

సంవత్సరం నిండిన రోజున ఆమె పొద్దున్నే తయారైంది. నేనూ చీర మార్చుకుని వచ్చాను. నన్ను చూసి ఆగింది.

"నువ్వు రావొద్దులే అవ్వా."

"ఇద్దరికీ అన్నం వొండిపెడతా."

"వొద్దు."

పోయింది. మధ్యాహ్నం వరకూ రోడ్డు కేసి చూశాను. బియ్యం ముగ్గురికి పోశాను, చేపల పులుసు పెట్టాను. వాళ్ళు రాలేదు. వారం తరవాత షెడ్డులో పనిచేసే ఒకామె తాళం చెవి తెచ్చిచ్చి, ట్రంకు పెట్టె, గిన్నెలు, చాప తీసుకుపోయింది. అక్కాచెల్లెళ్ళు సూళ్ళూరుపేటలో రైలెక్కి మద్రాసు వైపు పోయారని ఒకసారి, కాదు ఆ చుట్టుపక్కలే ఏదో కంపెనీలో ఊడ్చే పనికి కుదిరారని ఒకసారి విన్నాను. ఏది నిజమో నాకు తెలియదు. ఆ పిల్ల నా ఇంటి గడప చూడలేదు.

ఇప్పుడు ఆ గదిలో తల్లీకూతుళ్ళు ఉంటున్నారు. వాళ్ళూ రొయ్యల పనికే వచ్చారు. కిటికీలోంచి దోమలు వస్తున్నాయని, గుంటల వాసన వస్తోందని గోనెసంచి కుక్కి మేకులు కొట్టారు. తీసేయమని ఒకసారి చెప్పాను. తీయలేదు. రెండోసారి చెప్పలేదు.